ఫోల్డర్‌లో కొత్తగూడ ఉన్న చోటు

ఆ ఆదివారం పొద్దున పదకొండు గంటలకు మహబూబాబాద్‌లో మా బావ ఫోటో స్టూడియోలో ఉన్నవి ఇవి. ఒక పాత కంప్యూటర్. అంతే పాతదైన ఒక ప్రింటర్. అది కొత్త కంప్యూటర్లతో పనిచేయదు కాబట్టే పాత కంప్యూటర్ ఇంకా కొలువులో ఉంది. నీలం తెర ఒకటి, తెల్ల తెర ఒకటి. గుండ్రటి స్టూలు. అద్దం. దారంతో మేకుకు కట్టిన దువ్వెన. పౌడర్ డబ్బా. ఫోటో దిగేవాళ్ళ కోసం ఒక నల్ల కోటు. అన్ని ఒళ్ళకూ అదే, సన్నటివాళ్ళకు వీపు వైపు పిన్నులు పెడతారు. కంప్యూటర్‌లో ఒక ఫోల్డర్, ఆ ఫోల్డర్‌లో 4,112 ఫైళ్ళు. నేను.

బావ లేడు. టిఫిన్ తినడానికి ఇంటికి వెళ్ళాడు. వెళ్తూ, "దుకాణం చూస్తుండు. దేన్నీ ముట్టకు" అన్నాడు. ఈ రెండు పనులూ ఒకేసారి చేయవచ్చని నేను కూడా అప్పుడు అనుకున్నాను.

నేను భూపాలపల్లిలో బొగ్గుగని కార్మికుల క్వార్టర్లలో పెరిగాను. అక్కడ ఇళ్ళన్నీ ఒకేలా ఉంటాయి, తలుపు మీద నంబరు ఉంటుంది, నంబర్లు వరుసలో ఉంటాయి. జనగామలో మూడేళ్ళు కంప్యూటర్ డిప్లొమా చదివాను. ఇప్పుడు భూపాలపల్లిలోనే ఒక ఆఫీసులో కాంట్రాక్టు మీద కంప్యూటర్ల బాగోగులు చూస్తాను. రెండు వారాలకు ఒక ఆదివారం అక్కావాళ్ళింటికి వస్తాను. బావ కంప్యూటర్‌కు ఏ జబ్బు చేసినా నేనే చూస్తాను. ఇవన్నీ చెప్పడం ఎందుకంటే, తర్వాత జరిగినదానికి అర్హతలు నాకు పూర్తిగా ఉన్నాయి.

ఆ ఫోల్డర్‌ను నేను అంతవరకు తెరిచి చూడలేదు. ఆ పొద్దున తెరిచాను. ఐకాన్లు వరుసలో లేవు. ఒకచోట యాభై అరవై ఒకదాని మీద ఒకటి పడి ఉన్నాయి. పక్కన అరచేతి మందం ఖాళీ. మళ్ళీ ఒక గుంపు. కొన్ని వంకర గీతలా సాగిపోయాయి. ఈ చివర నుంచి ఆ చివరకు వెళ్ళాలంటే నాలుగు తెరలు జరపాలి. ముఖాలు కనిపించవు, అన్నీ ఒకేలాంటి చిన్న బొమ్మలు, కింద కెమెరా ఇచ్చిన అంకె. అన్నిటికన్నా పైన, మిగతా వాటికి చాలా దూరంలో, పదకొండు ఫైళ్ళు ఒకదాని మీద ఒకటి పడి ఉన్నాయి. ఎవరో లాగుతూ మధ్యలో చేయి వదిలేసినట్టు అనిపించింది.

నేను మూడు పనులు చేశాను. వ్యూ మెనూలో ఆటో అరేంజ్ పెట్టాను. పేరు వారీగా వరుస చేయమన్నాను. చిన్న బొమ్మల బదులు డీటెయిల్స్ పెట్టాను, అంటే ఒక వరుసకు ఒక ఫైలు, పక్కన సైజు, రకం, తేదీ. మొత్తం ఏడెనిమిది సెకన్లు పట్టింది. మార్పు నిలిచిందో లేదోనని ఫోల్డర్ మూసి మళ్ళీ తెరిచాను. నిలిచింది. 4,112 ఫైళ్ళు నిలువుగా, ఒక్క వంకర లేకుండా ఉన్నాయి. చేతులు కడుక్కుని వచ్చి కూర్చున్నాను.

పదకొండున్నరకు ఇద్దరు ఆడవాళ్ళు వచ్చారు. ఒకామెకు ముప్పై అయిదేళ్ళు ఉంటాయి. రెండో ఆవిడ ఆమె తల్లి; మోచేతుల దాకా తెల్లటి గాజులు, చేతిలో మడిచిన గోనెసంచి. కూతురు తల్లిని 'యాడీ' అని పిలిచి తమ భాషలో ఏదో చెప్పి స్టూలు మీద కూర్చోబెట్టింది. తర్వాత నా వైపు తిరిగింది.

"తమ్మీ, అన్న లేడా?"

"ఇప్పుడే వస్తడక్కా. ఏం గావాలె?"

"మా బాపు ఫోటో. నాలుగేండ్ల కింద పింఛను కోసమని గీడనే దిగిండు. ఇప్పుడు లేడు. రేపు దినం పెట్టుకున్నం. పెద్దగ చేసి ఫ్రేము కట్టియ్యాలె. సాయంత్రం అయిదున్నరకు మా బస్సు, అదే ఆఖరుది."

"వేరే ఫోటో లేదా? ఫోన్ల?"

"ఫోన్ ఎత్తితే మొఖం తిప్పుకునేటోడు. నా ఫోన్ల బాపు ఈపు ఫోటోలు ఇరవై ఉన్నయి."

"ఆధార్ కార్డు మీద?"

"గండ్ల ఉన్నది మా బాపో, మా బాపును పట్టుకపోవడానికి వచ్చినోడో నాకే ఎర్కలేదు."

ఒక్క నిమిషంలో తీస్తానన్నాను. పేరు అడిగాను. చెప్పింది. ఫైళ్ళకు మనుషుల పేర్లు లేవని నాకు తెలుసు; అయినా ఆ పేరును వెతికే డబ్బాలో టైపు చేశాను. కంప్యూటర్ కాసేపు వెతికి ఏమీ లేదంది. అప్పుడు బావ వచ్చాడు.

బావ వాళ్ళ పేరు అడగలేదు. లోపలికి అడుగుపెడుతూనే, "ఏ ఊరవ్వా?" అన్నాడు.

"కొత్తగూడ దాటినంక తండ" అంది కూతురు.

"వాగు కాడిదా?"

"గదే."

"అర నిమిషం కూసోండ్రి."

నన్ను లేపి తను కూర్చున్నాడు. ఫోల్డర్ తెరిచాడు. తెర పూర్తిగా రాకముందే అతని చేయి మౌస్‌ను పైకి, కొంచెం కుడికి తోసింది. అక్కడ ఒక అంకె, ఒక సైజు, ఒక తేదీ ఉన్నాయి. బావ చేయి తీసి ప్యాంటుకు తుడుచుకుని మళ్ళీ మౌస్ పట్టుకున్నాడు.

"ముట్టినవా?"

"వరుసల పెట్టిన బావా."

"ఏం వరుస?"

"పేరు వరుస."

"వాటికి పేర్లు ఎక్కడియిరా?"

"అంకెల వరుస అనుకో."

బావ ఒక కాగితం తీసి మధ్యలో చుక్క పెట్టి, అది మానుకోట, అంటే మహబూబాబాద్, అన్నాడు. దాని పైన కొంచెం కుడికి ఒక సున్నా, కొత్తగూడ. ఎడమ పక్కకు కింద ఇంకో సున్నా, నర్సింహులపేట. ఎడమ అంచున జనగామ. అన్నిటికన్నా పైన భూపాలపల్లి. అప్పుడు నాకు అర్థమైంది. ఎనిమిదేళ్ళుగా బావ ప్రతి ఫోటోను ఆ మనిషి ఊరు ఏ దిక్కున ఉంటే ఆ దిక్కున, ఎంత దూరంలో ఉంటే దాదాపు అంత దూరంలో పెట్టుకుంటూ వచ్చాడు. వంకర గీతల్లా ఉన్నవి రోడ్డు పొడవునా ఉన్న ఊళ్ళు. ఖాళీలు అడవి, చెరువులు.

"పేరు రాసుకోవచ్చు గద బావా" అన్నాను.

"ఒక్కొక్క పేరుకు అరవై మంది ఉంటరు. ఇంటిపేరు గలిపినా ఇరవై మంది. ఎవలన్న వస్తే నువ్వు ముందుగాల ఏమడుగుతవ్? ఏ ఊరు అని అడగవా? మీ ఆఫీసుల ఏమడుగుతరో నాకు తెల్వదు."

మా ఆఫీసులో అప్లికేషన్ నంబరు అడుగుతారు.

తిరిగి పాత స్థితికి తేవడానికి ఉన్న దారులను మనసులో వరుసగా రాసుకున్నాను. ఒకటి, అన్‌డూ. ఐకాన్ల చోటు మార్చడానికి అన్‌డూ లేదు. రెండు, ఫోల్డర్ మూయకముందే కంప్యూటర్‌ను బలవంతంగా ఆపి ఉంటే పాత చోట్లు మిగిలేవి. ఎందుకంటే కొత్త చోట్లు మూసేటప్పుడే నమోదవుతాయి. నేను జాగ్రత్తగా మూశాను. మూడు, కంప్యూటర్‌ను నిన్నటి స్థితికి తీసుకెళ్ళే సదుపాయం. డిస్క్‌లో చోటు మిగులుతుందని రెండేళ్ళ కిందట దాన్ని నేనే ఆపేశాను. నాలుగు, ఫోటో తీసిన తేదీ. బావ కెమెరాలో బ్యాటరీ తీసినప్పుడల్లా తేదీ మొదటికి వస్తుంది. తేదీ ప్రకారం ఈ నాలుగు వేల మందిలో సగం మంది ఒకే జనవరి ఒకటిన ఫోటో దిగారు. అయిదు, ఫైలు కంప్యూటర్‌లోకి వచ్చిన తేదీ. రెండేళ్ళ కిందట ఫోల్డర్‌ను తెరవకుండానే మొత్తంగా కొత్త డిస్క్‌లోకి మార్చింది నేనే. అప్పుడు ఐకాన్ల చోట్లు నిలిచాయి, తేదీలు మాత్రం అన్నిటికీ ఆ రోజువే పడ్డాయి. ఆరోది లేదు.

బావ ఆ తల్లీకూతుళ్ళ వైపు తిరిగాడు. "ఫోటో ఉన్నదవ్వా. ఏడున్నదో తెల్వదు."

"ఏందన్నా గట్లంటవ్?" అంది కూతురు. "నువ్వు కండ్లు మూసుకొని తీస్తవని మా తండంత చెప్తరు. ఇయ్యాల ఏమైంది?"

"మా బామ్మర్ది సదువుకున్నడు."

ఆమె నన్ను తల నుంచి కాళ్ళ దాకా చూసింది. తల్లికి వాళ్ళ భాషలో చెప్పింది. తల్లి కూడా చూసింది.

మిగిలిన ఒకే పని ముఖాలు చూడటం. డీటెయిల్స్ తీసేసి థంబ్‌నెయిల్స్ పెట్టాను. అలా పెడితే ఐకాన్ బదులు ఫోటోనే చిన్నగా కనిపిస్తుంది. అడ్డంగా ఏడు, నిలువుగా నాలుగు, తెరకు ఇరవై ఎనిమిది ముఖాలు. మొత్తం నూట నలభై ఏడు తెరలు. ఒక్కో తెర గీయడానికి ఆ కంప్యూటర్‌కు పది సెకన్లు, చూడటానికి పది సెకన్లు అనుకుంటే గంట లోపల అయిపోవాలి. సమయం పదకొండు యాభై. ఈ లెక్క కూతురికి చెప్పాను. ఆమె కొంచెం తేలికపడింది.

ఆ లెక్కలో నేను తల్లిని చేర్చలేదు.

మొదటి తెరలోనే ఆమె చేయి ఎత్తి ఆపింది. "ఈ పిల్ల మా ఆడిబిడ్డ బిడ్డ. గూడూరు దిక్కు ఇచ్చినం."

"యాడీ, బాపును చూడు" అంది కూతురు.

"చూస్తున్న. ఈడు అంగడికాడ కోళ్ళు అమ్ముతడు. కోటు ఏసుకుంటే కలెక్టరు తీరుగున్నడు."

రెండో తెరలో ముగ్గురు. మూడో తెరలో ఎవరూ లేరు, ఆమె నిరాశపడింది. నాలుగో తెరలో ఒక ముసలాయన్ని చూసి, "ఈనె ఉన్నడా, పోయిండా?" అని మా అందరినీ అడిగింది. మాకు తెలియదు. "ఉంటే ఉంటడు తియ్" అని తనే తేల్చింది.

ఇరవై తెరలయ్యేసరికి యాభై ఆరు నిమిషాలు గడిచాయి. ఈ వేగంతో వెళ్తే చివరి తెర సాయంత్రం ఆరూ నలభైకి వస్తుంది. బస్సు వెళ్ళిపోయిన గంటా పది నిమిషాలకు.

"అవ్వా, జర జల్ది చూడాలె" అన్నాను. "ఈళ్ళందరితోని మనకు పని లేదు. తాతను చూస్తే చాలు."

"మనిషి ఎదురుంగ కనిపిస్తే పలకరియ్యకుండ ఎట్ల పోతరు బిడ్డా? మీ దిక్కు పోతరా?"

బావ నవ్వలేదు. కానీ అప్పుడే లేచి ఒక నోటుబుక్కు తెచ్చుకున్నాడు. ఆమె ఎవరినైనా గుర్తుపడితే ఫైలు అంకె, దాని పక్కన ఊరు రాయడం మొదలుపెట్టాడు. మధ్యలో పాస్‌పోర్టు సైజు కోసం అయిదుగురు వచ్చారు. వాళ్ళకు ఫోటో తీసి వచ్చేదాకా ఆ నోటుబుక్కు నాకు ఇచ్చాడు. అక్క ఇంటి నుంచి అన్నం పంపింది. నలుగురం తెర ముందే తిన్నాం. కూతురు తింటూ కూడా గోడ గడియారం చూస్తూనే ఉంది. రెండుసార్లు ఆమె తమ్ముడు ఫోన్ చేశాడు. "దొరుకుతడు" అని చెప్పింది మొదటిసారి. రెండోసారి, "చూస్తున్నం" అంది.

కూతురికి గుర్తుపట్టే పద్ధతి ఒకటి ఉంది. వాళ్ళ నాన్న ఎర్ర తలపాగా చుట్టేవాడు. స్నానానికి తప్ప తీసేవాడు కాదట. కాబట్టి ఆమె ఒక్కో తెరలో ముందు ఎరుపు కోసం చూసి, లేకపోతే ఇరవై ఎనిమిది మందినీ ఒకేసారి కొట్టేసేది. పద్ధతిగా ఉందని నాకు నచ్చింది. నేను కూడా అదే పద్ధతిలో చూడసాగాను.

తొంభై మూడో తెర నాలుగూ పదికి వచ్చింది. ఎరుపు లేదు. కూతురు "ముంగటికి పో తమ్మీ" అంది. నేను మౌస్ చక్రం మీద వేలు పెట్టాను.

"ఆగు" అంది తల్లి.

రెండో వరుస చివర ఒక బట్టతల మనిషి ఉన్నాడు. నుదురు మధ్యదాకా నల్లగా, పైన తెల్లగా, గీత గీసినట్టుగా రెండు రంగులు. నల్ల కోటు. కళ్ళు కెమెరా వైపు సూటిగా ఉన్నాయి.

"ఈనె బాపు గాదు యాడీ" అంది కూతురు.

"నీకేమెర్క? నీకు ఆయన తలకాయ ఎప్పుడన్న చూపించిండా?"

బావకు అప్పుడు గుర్తొచ్చింది. పింఛను ఫోటోకు తల మీద ఏమీ ఉండకూడదన్నారని, తనే ఆయన చేత తలపాగా తీయించాడు. దానికి పావుగంట పట్టిందట. తీశాక ఆయన దాన్ని ఒళ్ళో పెట్టుకుని రెండు చేతులతో పట్టుకున్నాడట. అది ఫోటోలోకి రాలేదు.

ఫోటోను తెర నిండా చేశాను. కూతురు దగ్గరికి వచ్చి వంగి చూసింది. మళ్ళీ నిలబడి చూసింది. తెర మీద తన బొటనవేలితో ఆయన నుదుటి పై సగాన్ని కప్పింది. వేలు అలాగే ఉంచి, "బాపే" అంది. కొంగుతో ముక్కు తుడుచుకుంది. బావ లేచి ప్రింటర్ ఆన్ చేశాడు.

"అన్నా, తలపాగ పెట్టొస్తదా కంప్యూటర్ల?" అంది కొంతసేపటికి. "గిట్ల పెడితే తండోళ్ళు గుర్తువట్టరు."

"వస్తది. వేరేటాయనది తీసి పెడ్త."

ఫోటోనే చూస్తున్న తల్లి తల తిప్పి అడిగింది, ఏం మాట్లాడుకుంటున్నారని. కూతురు చెప్పింది.

"వేరేటోని నెత్తి రుమాలు మా ఆయనకెందుకు? ఉన్నది ఉన్నట్టు తియ్యి. గుర్తువట్టనోళ్ళు నన్ను అడుగుతరు."

ఉన్నది ఉన్నట్టే వేశాం. ప్రింటు ఆరి, బావ ఫ్రేము బిగించేలోపల నేను ఆటో అరేంజ్ తీసేశాను. ఖాళీ చోటు కోసం మిగతా ఫైళ్ళన్నీ కిందికి తోసి, ఆయన్ని పైన కుడి వైపుకు లాగాను; కాగితం మీద బావ గీసిన సున్నా అక్కడే ఉంది. తల్లి చూస్తోంది.

"ఏం జేస్తున్నవ్?"

చెప్పాను. ఇది మానుకోట, ఇది కొత్తగూడ, ఇది వాగు, ఇది మీ తండా.

"మా తండ వాగుకు అవతల గద. నువ్వు ఇవతల పెట్టినవ్."

బావ సుత్తి ఆపి వచ్చాడు. "నేను ఎండకాలం వచ్చిన అవ్వా. వాగుల నీళ్ళు లేకుండె. దాటినట్టే అనిపియ్యలే."

నాలుగు వేళ్ళంత దూరం పైకి జరిపాను. సరిపోయిందంది. నోటుబుక్కు చూసి అదే తండావాళ్ళను ఒక్కొక్కరినీ తెచ్చి పక్కన పెట్టసాగాను. మూడో మనిషిని పెట్టగానే ఆమె నాలుక చప్పరించింది.

"ఈన్ని ఆయన పక్కన పెట్టకు. ఇద్దరికీ మాటల్లేవు."

"ఎన్ని రోజుల సంది?" అన్నాడు బావ.

"గెట్టు కాడ లొల్లి అయినప్పటి సంది. పదేండ్లు దాటింది. ఈడు సావుకు సుత రాలే. జర దూరం పెట్టు." ఆ మనిషిని తండా చివరకు పంపాను. ఆమె ఆలోచించి, "మరీ అంత దూరం వద్దు" అంది. కొంచెం దగ్గరికి తెచ్చాను.

అయిదూ పదికి ఫ్రేమును వార్తాపత్రికలో చుట్టి, గోనెసంచిలో పెట్టుకుని వెళ్ళారు. కూతురు గుమ్మం దగ్గర ఆగి, "తమ్మీ, ఇగ ముట్టకు" అంది. బావ వాళ్ళతో బస్టాండు దాకా వెళ్ళి, బస్సు కదిలాక వచ్చాడు.

వచ్చాక నేను నోటుబుక్కులో మిగిలినవాళ్ళను చోటు చేర్చాను. ఆమె గుర్తుపట్టినవాళ్ళు, ఆమె భర్తతో కలిపి 187 మంది. బావ వెనక నిలబడి చూస్తూ, "మరి ఆ పదకొండు?" అన్నాడు.

"ఏ పదకొండు?"

"పైన భూపాలపల్లి కాడ ఒక్కతీరుగ పదకొండు ఉండె గద. చూడలేదా?"

చూశానన్నాను. ఎవరో చేయి వదిలేశారనుకున్నానని చెప్పలేదు.

"అవి నువ్వే. జనగామల సదువుకున్నన్ని రోజులు ఎడమ దిక్కు చివరకు పెట్టిన. నౌకరి వచ్చినంక పైకి గుంజిన. ఒకసారి నువ్వు అప్లికేషన్ పెట్టుకోను ఫోటో దిగి, ఏ ఊరికి పోతవో తెల్వదన్నవ్. ఆ నెల రోజులు మానుకోటలనే ఉంచిన."

నా ముఖం నాకు తెలుసు కాబట్టి పదకొండింటినీ వెతకడం కష్టం కాలేదు. వాటిలో ఏడు ఆ మధ్యాహ్నం చూసిన తెరల్లోనే ఉన్నాయి. ఎర్ర తలపాగా లేదని దాటేశాను. పదకొండింటినీ ఒక్కొక్కటిగా లాగి అన్నిటికన్నా పైన పెట్టాను. ఈసారి ఒకదాని మీద ఒకటి పడకుండా పెట్టబోయాను. బావ వద్దన్నాడు. మనిషి ఒక్కడే కాబట్టి ఒక్కచోటే ఉండాలన్నాడు.

అప్పటి నుంచి ఆ దుకాణంలో ఒక పద్ధతి వచ్చింది. పాత గిరాకీ ఎవరు వచ్చినా బావ వాళ్ళను తెర ముందు కూర్చోబెట్టి, తమను, తమ ఊరివాళ్ళను చూపించమంటాడు. నర్సింహులపేట నుంచి వచ్చిన ఒకాయన ఒక్కడే డెబ్భై మందిని చూపించి, తనను మాత్రం గుర్తుపట్టలేదు. నేను ఆదివారాలు వచ్చి, నోటుబుక్కు చూసి లాగుతాను. కొత్తగా దిగినవాటిని బావ తనే పెడతాడు, అవి ఈ లెక్కలో లేవు. ఆటో అరేంజ్ తీసేసే ఉంది. మెనూలో ఆ మాట మీదికి మౌస్ వెళ్ళినప్పుడల్లా బావ దగ్గుతాడు.

మొన్నటి ఆదివారం సాయంత్రానికి, ఊరు తెలియక ఇంకా కిందనే ఉన్న ఫైళ్ళు 2,306.